బట్ట పుట్టిన చోటే ప్రదర్శన పెడితే...

పట్నాల్లో కొన్నేళ్ళుగా ఒక కొత్త వాడుక కనిపిస్తోంది. ఒకే కప్పు కింద తలా ఒక బల్ల అద్దెకు తీసుకుని పదిమంది పది రకాల పనులు చేసుకునే ఉమ్మడి కార్యాలయాలు వెలిశాయి. ఒకరు లెక్కలు రాసుకుంటారు, ఒకరు ఇళ్ళ ప్లాన్లు గీస్తారు, మరొకరు కంప్యూటరు ముందు కూర్చుంటారు. 2005లో అమెరికాలోని శాన్‌ఫ్రాన్సిస్కోలో ఈ పద్ధతికి కో-వర్కింగ్ అనే పేరు స్థిరపడింది. ఇప్పుడు హైదరాబాదు, బెంగుళూరు, చెన్నై నగరాల్లో ఇది మామూలు సంగతి. ఈ కార్యాలయాల గోడలకు చిత్రకారుల పటాలు తగిలించి ప్రదర్శనలు పెడుతున్నారు. తొలి సాయంత్రం కొందరిని మాత్రమే పిలిచి, కాఫీ ఫలహారాలు ఇచ్చి, పటాలు చూపిస్తారు. దీన్ని ప్రైవేట్ వ్యూ అంటారు. మరునాటి నుంచి ఎవరైనా వచ్చి చూడవచ్చు.

పట్నం ముచ్చట్లు పల్లెకెందుకని కొందరికి అనిపించవచ్చు. కాని ఉమ్మడి పనిశాల పట్నం వాళ్ళు కనిపెట్టిన వింత కాదు. శ్రీకాళహస్తిలో కలంకారీ వేసే కొట్టాలు అలాంటివే. ఒక కప్పు కింద ఒకరు గీత గీస్తారు, నలుగురు రంగులు నింపుతారు, ఇద్దరు బట్ట ఉడకబెడతారు, ఇంకొకరు ఉతికి ఆరవేస్తారు. తేడా ఎక్కడుందంటే, పట్నంలో ఎక్కడో వేసిన బొమ్మను పనిశాలకు తెచ్చి తగిలిస్తున్నారు. కాళహస్తిలో బొమ్మ పుట్టేదే పనిశాలలో. దాన్ని చూపించడానికి మాత్రం మూటగట్టి పట్నానికి మోసుకుపోతున్నారు.

ఆ మోత తగ్గించి, ఏడాదికి ఒకసారైనా కొట్టంలోనే ప్రదర్శన పెట్టే ఆలోచన చేయాలి. ఇది సరదాకు చెప్పే మాట కాదు. కలంకారీ పేరుతో సాగుతున్న మోసానికి అంతకు మించిన విరుగుడు కనబడడం లేదు.

బజారులో ఏ బట్టల దుకాణంలో అడిగినా కలంకారీ చీర దొరుకుతుంది. అందులో చాలా భాగం మిషను మీద అచ్చువేసిన సరుకు. కలం ముట్టుకోలేదు, కరక్కాయ తెలియదు. అచ్చు సరుకు అమ్ముకోవద్దని ఎవరూ అనరు. అచ్చుబట్టను అచ్చుబట్ట అని చెప్పి అమ్మితే తగాదా లేదు. మచిలీపట్నం దగ్గర పెడనలో చెక్క అచ్చులతో అద్దే కలంకారీ వేరే సంప్రదాయం, దానికి దాని గౌరవం ఉంది. పైగా నకిలీ అచ్చు దెబ్బ వాళ్ళకూ తగులుతోంది. చిక్కంతా చేతిపనికి ఉన్న పేరును మిషను సరుకుకు తగిలించడంతోనే. శ్రీకాళహస్తి కలంకారీకి చట్టప్రకారం భౌగోళిక గుర్తింపు ఉంది. 1999లో వచ్చిన ఆ చట్టం 2003 నుంచి అమలులో ఉంది. అయినా దుకాణంలో చీర కొనే ఇల్లాలి చేతిలో చట్టం పుస్తకం ఉండదు కదా! ఆమెకు రెండు చీరలు పక్కపక్కన కనిపిస్తాయి. ఒకటి చౌక, ఒకటి ప్రియం. ఎందుకు ప్రియమో చెప్పేవాళ్ళు లేకపోతే చౌకదే కొంటుంది. ఆమెను తప్పుపట్టలేం.

ఎందుకు ప్రియమో కొట్టంలో ఒక పూట నిలబడితే ఎవరూ చెప్పకుండానే తెలుస్తుంది.

కోరా బట్టను ముందు పేడనీళ్ళలో నానబెట్టి ఉతికి తెల్లగా చేస్తారు. కరక్కాయ పొడి కలిపిన గేదెపాలలో ముంచి ఆరవేస్తారు. పాలలోని కొవ్వు రంగును పక్కకు పాకనివ్వదు. చింతబరిక కాల్చిన బొగ్గుతో బొమ్మ గీస్తారు. ఆ తరువాత అసలు గీత. తుప్పు ఇనుమూ బెల్లమూ నీళ్ళలో వేసి రోజుల తరబడి పులియబెట్టిన కసిం అందుకు వాడతారు. వెదురుపుల్ల మొనకు ఉన్నిగుడ్డ చుట్టి దారంతో బిగిస్తే అదే కలం. కసింలో ముంచి, గుడ్డను వేళ్ళతో నొక్కుతూ గీస్తారు. ఇక్కడే చూడవలసిన వింత ఉంది. కలం నుంచి దిగేటప్పుడు ఆ నీళ్ళు పలచగా, మట్టిరంగులో ఉంటాయి. కరక్కాయ పట్టిన బట్టకు తగిలిన కాసేపట్లోనే నల్లబడతాయి. చూస్తూ ఉండగానే రాముడి విల్లు, సీత జడ నల్లగా తేలి వస్తాయి. కరక్కాయలోని వగరుకూ ఇనుముకూ జరిగే చర్య అది. బడిలో సైన్సు చెప్పే అయ్యవార్లు పిల్లలను తీసుకువచ్చి చూపించదగిన సంగతి.

ఎరుపు రావలసిన చోట పటిక నీళ్ళు పూసి, ఆరనిచ్చి, ఉతికి, చిరువేరు, మంజిష్ఠ వంటి వేళ్ళతో ఉడకబెడతారు. పటిక పూసిన చోటనే ఎరుపు పట్టుకుంటుంది. పసుపుపచ్చకు కరకపువ్వు, నీలానికి నీలిమందు. ఒక రంగుకూ మరో రంగుకూ మధ్య ఉతుకు, ఎండ, మళ్ళీ ఉతుకు. ఇరవైకి దగ్గరగా దశలుంటాయి. పారే నీరు కావాలి. స్వర్ణముఖిలో ఏడాదిలో చాలా రోజులు ఇసుకే కనబడుతుంది కాబట్టి ఇప్పుడు బోరు నీళ్ళే దిక్కయిన వాళ్ళు ఎక్కువ.

ఈ పని ఒక్క దశ చూసినవాడికి అచ్చుబట్టను కలంకారీ అని అంటగట్టడం కష్టం. బట్ట వెనక్కి తిప్పి రంగు లోపలిదాకా దిగిందా లేదా చూస్తాడు. గీత ఒకచోట లావుగా, ఒకచోట సన్నగా ఉందా అని చూస్తాడు. రెండు నెమళ్ళు అచ్చుగుద్దినట్లు ఒకేలా ఉంటే అనుమానిస్తాడు. పట్నం హాలులో గాజుదీపాల కింద వేలాడే బట్ట ఈ సంగతులు చెప్పలేదు. అక్కడ నకిలీ కూడా అసలుతో సమానంగా మెరుస్తుంది. కొట్టంలో నకిలీ నిలబడలేదు. దాన్ని చేసి చూపించమంటే పొయ్యి లేదు, కుండ లేదు, కలం లేదు.

పిలుపుల సంగతి

ప్రైవేట్ వ్యూ అనగానే దొరల విందు గుర్తుకు వస్తుంది గాని, దాని పుట్టుక మాత్రం పనివాళ్ళలోనే. లండన్ రాయల్ అకాడమీ వారు 1809 నుంచి తమ సభ్యులైన చిత్రకారులకు ప్రదర్శన తెరవడానికి ముందు కొన్ని రోజులు ఇచ్చేవారు. గోడకు తగిలించిన పటాల మీదనే వాళ్ళు తుది మెరుగులు దిద్ది వార్నిషు పూసుకునేవారు. 1832లో టర్నర్ అనే చిత్రకారుడు తన సముద్రం బొమ్మ పక్కన వేలాడుతున్న కాన్‌స్టేబుల్ బొమ్మ ఎరుపులు చూసి, తన బొమ్మ మీద ఒక్క ఎర్రచుక్క పెట్టి వెళ్ళిపోయాడని, తరువాత వచ్చి ఆ చుక్కను నీళ్ళలో తేలే బోయాగా మార్చాడని చెప్పుకుంటారు. ప్రదర్శనకు తొలి చూపును ఫ్రెంచివాళ్ళు ఇప్పటికీ వెర్నిసాజ్ అంటారు. వార్నిషు పూయడమని ఆ మాటకు అర్థం. అంటే పని చేస్తున్న చేతిని చూడడం ఈ ఆచారంలో మొదటి నుంచీ ఉన్నదే. తరువాత తరువాత చేయి పోయి ఫలహారం మిగిలింది.

కాళహస్తి కొట్టంలో తొలి చూపు పెట్టవలసి వస్తే ముందు ఎవరిని పిలవాలి? కలెక్టరు గారినీ శాసనసభ్యులనూ పిలవడం మామూలే. రిబ్బను కత్తిరించి, శాలువా కప్పించుకుని, పది నిమిషాల్లో కారెక్కుతారు. వాళ్ళను పిలవవద్దని కాదు, మొదటి వరుసలో వాళ్ళే ఉండనక్కరలేదు. మొదట పిలవవలసింది ఆ బట్ట మీద పనిచేసిన వాళ్ళ ఇంటివాళ్ళను. ఇప్పుడు ఈ పనిలో ఆడవాళ్ళు ఎక్కువ. పొద్దున వంట చేసి వచ్చి, పొద్దుపోయేదాకా వంగి కూర్చుని రంగులు నింపే కోడలు ఏం చేస్తోందో అత్తకు తెలియదు. “బట్టలకు రంగులేస్తుంది” అంటుంది, అంతే. ఆ కోడలికి కూడా తెర మొత్తం పైనుంచి కిందికి వేలాడితే ఎలా ఉంటుందో చూసే వీలు తక్కువ. ఆమె నింపింది ఒక మూల నాలుగు ఏనుగులు, ఒక తామర కొలను. తక్కిన బట్ట చుట్టచుట్టి ఉంటుంది. పని పూర్తయ్యాక మూట బండి ఎక్కుతుంది.

తెర పక్కన ఒక అట్ట మీద గీత గీసింది ఫలానా, రంగులు నింపింది ఫలానా, ఉడకబెట్టింది ఫలానా అని అందరి పేర్లూ రాసి పెట్టాలి. ఇది ఖర్చు లేని పని. అయినా జరగడం లేదు. పెద్దపేరు ఒక్కటే రాస్తే బట్టకు ధర వస్తుందని యజమానులు అనుకుంటారు. ఆ మాటలో కొంత నిజం లేకపోలేదు. పెద్దపేరు ముందు పెట్టుకోనివ్వండి. మిగతా పేర్లు కిందనైనా ఉండాలి. సినిమాలో దీపాలు పట్టుకున్న వాళ్ళ పేర్లు కూడా తెర మీద వేస్తున్నారు కదా!

రెండో వరుసలో పిలవవలసిన వాళ్ళు కూడా ఊళ్ళోనే ఉన్నారు. బట్టల దుకాణాల వాళ్ళు, లాడ్జీల మేనేజర్లు, ఆటోలు నడిపేవాళ్ళు, చుట్టుపక్కల బడుల పంతుళ్ళు, బ్యాంకు మేనేజరు. రాహుకేతు పూజకు నిత్యం దూరదేశాల నుంచి జనం వస్తున్నారు. పూజ అయ్యాక “ఇక్కడ చూడవలసింది ఇంకేముంది?” అని వాళ్ళు అడిగేది లాడ్జీ గుమాస్తానూ ఆటో అబ్బాయినీ. ఆ అబ్బాయి తాను కొట్టం చూసి ఉంటే తీసుకువెళతాడు. చూడకపోతే నేరుగా బస్టాండులో దించుతాడు. పట్నం నుంచి వచ్చే పది మంది పెద్ద కొనుగోలుదార్ల కన్నా ఒక ఆటో అబ్బాయి ఏడాది పొడుగునా ఎక్కువ మేలు చేయగలడు.

ఈ తొలి చూపు ఒక్క పూట చాలు. ఆ పూట సాయంత్రమే తలుపులు అందరికీ తెరవాలి. పిలుపు కాగితం ఉన్నవాళ్ళకే ప్రవేశం అని రోజుల తరబడి కూర్చుంటే పల్లెజనం గడప తొక్కరు. చెప్పులు ఎక్కడ విడవాలో తెలియని చోటికి, ఎవరేమంటారో అని బెదిరే చోటికి రైతుకూలీ రాడు. కొట్టం ఆ విషయంలో మేలు. అక్కడ నేల మీదే కూర్చుంటారు.

చేసి చూపినవాళ్ళు ఉన్నారు

ఇది ఎవరూ నడవని దారి కాదు. ఒడిశాలో పూరీకి దగ్గరలో రఘురాజపురం అనే చిత్రకారుల పల్లె ఉంది. పటచిత్రాలు వేసే ఆ ఊరిని 2000 సంవత్సరంలో వారసత్వ గ్రామంగా తీర్చిదిద్దారు. ఊళ్ళోకి వచ్చినవాళ్ళు ఇంటి అరుగు ఎక్కి, బొమ్మ వేస్తుండగా చూసి, వేసినవాళ్ళ చేతి నుంచే కొనుక్కుని పోతారు. పూరీ జగన్నాథుడి దర్శనానికి వచ్చిన యాత్రికులు అక్కడికీ వెళుతున్నారు. కాళహస్తికి ఇంతకంటె అనువు ఉంది. యాత్రికుడు ఊళ్ళోనే ఉన్నాడు, వేరే ఊరికి కదలనక్కరలేదు.

చెన్నపట్నం పక్కన సముద్రపు ఒడ్డున చోళమండలం ఉంది. కె.సి.ఎస్. పణిక్కర్ నాయకత్వంలో 1966లో చిత్రకారులు దాన్ని నెలకొల్పారు. వాళ్ళు ప్రభుత్వ గ్రాంటు కోసం కూర్చోలేదు. బాతిక్ వంటి చేతిపనులు చేసి, ప్రదర్శన పెట్టి అమ్మి, కూడబెట్టిన డబ్బుతో స్థలం కొనుక్కున్నారు. ఉండేదీ, పని చేసేదీ, చూపేదీ ఒకేచోట. అక్కడ జరిగినదంతా కాళహస్తికి అతకదు. వాళ్ళు చదువుకున్న చిత్రకారులు, కూలికి రంగులు వేసేవాళ్ళు కారు. కాని నలుగురు చేతులు కలిపితే ప్రదర్శనకు చోటు లేకపోవడం అన్న మాట ఉండదని అక్కడ రుజువయింది.

కాళహస్తిలో కూడా ఒకప్పుడు ఉమ్మడి చోటే కళను బతికించింది. గుడి తెరలు వేయించే జమీందారులు పోయాక, పని దాదాపు ఆగిపోయింది. కమలాదేవీ చట్టోపాధ్యాయ వంటివారు పూనుకోగా 1957లో కాళహస్తిలో శిక్షణ కేంద్రం పెట్టారు. పాతతరం పనివాడు జొన్నలగడ్డ లక్ష్మయ్య అక్కడ కూర్చుని నేర్పారు. అప్పటి ఆ గది లేకపోతే ఇప్పటి కొట్టాలు లేవు. ఊరి కళాకారుడు జొన్నలగడ్డ గురప్పచెట్టికి 2008లో పద్మశ్రీ వచ్చిందంటే ఆ మూలం నుంచి వచ్చిందే. లండన్ విక్టోరియా ఆల్బర్టు మ్యూజియంలో కాళహస్తి తెర ఉంది. కాళహస్తి బడిపిల్లల్లో ఎందరు ఒక తెరను పూర్తిగా విప్పి చూశారు? పెరటిచెట్టు వైద్యానికి పనికిరాదని ఊరికే అనలేదు.

అడ్డంకులు లేకపోలేదు

కొట్టం తలుపులు తెరిస్తే పని చెడుతుందని కొందరు యజమానులు అంటారు. పొయ్యి మీద కాగు మరుగుతూ ఉండగా జనం గుంపుగా వస్తే ప్రమాదమే. పటిక పూసిన బట్ట మీద తడిచేయి పడితే మచ్చ ఉండిపోతుంది. అందుకని పని జరిగే వైపు తాడు కట్టి, తాడు ఇవతల నుంచి చూడనివ్వాలి. విడతకు పదిహేను, ఇరవై మందిని లోపలికి వదలాలి. కాగు దగ్గరకు పిల్లలను పోనివ్వకూడదు. ప్రదర్శన రోజుల్లో గీతపని, నింపుడు పని చూపించి, ఉడుకు పని రోజుకు ఒక్కసారే పెట్టుకోవచ్చు. చూపించే పనికి కూర్చున్న వాళ్ళకు ఆ రోజు కూలి మామూలుగానే ఇవ్వాలి. జనం చూస్తున్నారని పని తగ్గింది, కూలి తగ్గిస్తానంటే మరుసటి ఏడు ఎవరూ కూర్చోరు.

రెండో భయం దొంగతనానిది. సెల్‌ఫోనుతో ఫోటో తీసుకుని పోయి అచ్చు వేయిస్తారని. ఈ భయం నిజమైనదే, తీసిపారేయకూడదు. కాని ఫోటో తీయడానికి కొట్టందాకా రావలసిన పని లేదు. అమ్ముడుపోయిన మొదటి చీర నుంచే తీస్తున్నారు. కొత్త బొమ్మలను తగిలించకుండా ఉంచుకుని, పాతవి, పురాణ కథలవి తగిలిస్తే సరిపోతుంది. సాలీడు, పాము, ఏనుగు శివుణ్ణి కొలిచిన కథ ఎవరి సొత్తూ కాదు. ఆ కథ చిత్రించిన తెర కాళహస్తిలోనే మొదట వేలాడడం ధర్మం కూడా.

మూడోది అందరూ పైకి చెప్పనిది. ఒక కొట్టంలో ప్రదర్శన పెడితే పక్క కొట్టం వాడు తన సరుకు ఎలా తేవాలి? బేరం యజమానికి పోతుందా, వేసినవాడికి పోతుందా? ఇక్కడ తగవు రాకుండా ముందే రాసుకోవాలి. ప్రతి బట్టకూ ధర చీటీ ఉండాలి. నోటిమాట బేరాలు వద్దు. ప్రదర్శన ఖర్చుకని ప్రతి అమ్మకం నుంచి ఎంత తీసుకుంటారో గోడ మీద అంటించాలి. ఈ ఏడు ఒక కొట్టం, మరుసటి ఏడు ఇంకో కొట్టం వంతులు వేసుకోవచ్చు. తాళంచెవి మాత్రం పనిచేసేవాళ్ళలో ఒకరి దగ్గర కూడా ఉండాలి. చేతివృత్తుల కోసమని కట్టించిన ఉమ్మడి వసతి భవనాలు తెరిచిన రోజున ఫోటోకు నిలబడి, తరువాత తాళం పడి ఉండడం రాష్ట్రంలో కొత్త కాదు.

ప్రభుత్వం నుంచి కావలసింది పెద్దగా లేదు. హస్తకళల శాఖ వారు పట్నాల్లో స్టాళ్ళకు పెట్టే ఖర్చులో కొంత ఇటు మళ్ళిస్తే చాలు. దేవస్థానం వారు క్యూలైను బయట ఒక బోర్డు, కొట్టానికి దారి చూపే బాణం గుర్తు పెట్టనిస్తే అది ఇంకా మేలు. వచ్చేవాళ్ళలో ఆడవాళ్ళు ఉంటారు, పనిచేసేవాళ్ళూ ఆడవాళ్ళే. మరుగుదొడ్డి, మంచినీళ్ళు లేని చోట ప్రదర్శన పెట్టామని చెప్పుకోవడం సిగ్గుచేటు. ఆ ఏర్పాటు ప్రదర్శనకని చేస్తే ఏడాదంతా పనివాళ్ళకు మిగులుతుంది.

కాలం కూడా చూసుకోవాలి. అక్టోబరు, నవంబరు నెలల్లో వాన ముసురు పట్టి బట్ట ఆరదు, పని మూలబడుతుంది. మహాశివరాత్రి నాడు ఊళ్ళో అడుగు తీసి అడుగు వేయడానికి చోటుండదు, ప్రదర్శన చూసే తీరిక ఎవరికీ ఉండదు. శివరాత్రికి పది రోజుల ముందు మొదలుపెట్టి ఉత్సవాల హడావుడికి ముందే ముగిస్తే బాగుంటుంది. అప్పటికి ఎండ బాగుంటుంది, ఉతికిన బట్ట ఆరుతుంది. చూపించే బట్టను మాత్రం ఆ ఎండలో వేలాడదీయకూడదు, చెట్టురంగులు వెలుస్తాయి. వసారా నీడలో, బట్ట పై అంచున గొట్టంలా కుట్టించి వెదురు దూర్చి, మడత పడకుండా కట్టాలి. తెర అంచున బొమ్మల కింద రాసే తెలుగు పద్యం చదివేవాళ్ళ కంటికి అందేంత ఎత్తులో ఉండాలి. చదవడం రాని ముసలమ్మకు చదివి వినిపించడానికి ఎనిమిదో తరగతి పిల్ల ఒకతె పక్కన ఉంటే సరిపోతుంది.